జోనా లోము జీవితం, ఆట: తరచుగా అడిగే ప్రశ్నలు

రగ్బీ గురించి పెద్దగా తెలియనివాళ్లు కూడా ఆ వీడియో ఎప్పుడో ఒకప్పుడు చూసే ఉంటారు. నల్ల జెర్సీ, వీపు మీద 11 నంబరు. భారీ మనిషి ఒకడు బంతి పట్టుకుని దూసుకొస్తుంటాడు. ఎదురుగా తెల్ల జెర్సీలో ఒక్కడే మిగిలి ఉంటాడు. పక్కకు తప్పుకుని పోవచ్చు గానీ పోడు, అతని మీదుగానే నడిచి వెళ్లిపోతాడు. ఆ నల్ల జెర్సీ మనిషే న్యూజిలాండ్ ఆటగాడు జోనా లోము.

అతని గురించి మళ్లీ మళ్లీ ఎదురయ్యే ప్రశ్నలకు ఇక్కడ జవాబులు రాస్తున్నాను. ముందే ఒక మాట. లోము అనగానే అందరికీ గుర్తొచ్చేది బలం. కానీ అతని కెరీర్‌లో ఎక్కువ భాగం పాడైపోతున్న కిడ్నీలతో సాగింది. ఆ సంగతి పక్కన పెట్టి అతని రికార్డులు చదివితే సగం కథే తెలుస్తుంది.

రగ్బీ అసలు తెలియదు. ఇది అర్థం కావడానికి ఎంత తెలిస్తే చాలు?

జట్టుకు 15 మంది, ఆట 80 నిమిషాలు. బంతిని చేత్తో ముందుకు విసరకూడదు. పక్కకో వెనక్కో మాత్రమే ఇవ్వాలి. ముందుకు పోవాలంటే బంతి పట్టుకుని పరుగెత్తాలి, లేదా కాలితో తన్నాలి. ప్రత్యర్థి గోల్ గీత దాటి బంతిని నేలకు ఆనిస్తే అది ట్రై. దానికి 5 పాయింట్లు, ఆ తర్వాత వచ్చే కన్వర్షన్ కిక్కుకు మరో 2. పెనాల్టీ కిక్కుకైనా డ్రాప్ గోల్‌కైనా 3. ఆట నడుస్తుండగానే బంతిని నేలకు వదిలి, అది పైకి లేస్తుండగా గోల్ స్తంభాల మధ్యకు తన్నితే అది డ్రాప్ గోల్. బంతి ఉన్నవాడిని పట్టి పడేయడాన్ని టాకిల్ అంటారు. కబడ్డీలో రైడర్‌ని పట్టుకోవడం ఊహించుకోండి. తేడా ఏమిటంటే ఇక్కడ రైడర్ యాభై అడుగుల దూరం నుంచి పూర్తి వేగంతో వస్తాడు.

ఇది రగ్బీ యూనియన్ సంగతి. జట్టుకు 13 మందితో ఆడే రగ్బీ లీగ్ వేరే ఆట. లోము చిన్నప్పుడు లీగ్ కూడా ఆడాడు.

లోము ఏ స్థానంలో ఆడేవాడు?

ఎడమ వింగ్‌లో. మైదానం అంచున నిలబడి, బంతి తన దాకా రాగానే గీత వెంట పరుగు తీయడం వింగర్ పని. అందుకే ఆ స్థానానికి చిన్నగా, చురుగ్గా, పాదరసంలా జారిపోయే కుర్రాళ్లను ఎంచుకునేవాళ్లు. మధ్యలో తోపులాటకు దిగే భారీకాయులు వేరే ఉండేవాళ్లు, వాళ్లను ఫార్వర్డ్‌లు అంటారు. లోము పొడవు 1.96 మీటర్లు, బరువు దాదాపు 120 కిలోలు. అంటే ఫార్వర్డ్‌లలోనూ పెద్దవాడి కిందే లెక్క. స్కూల్లో ఆడింది ఫార్వర్డ్‌గానే. అయితే 100 మీటర్లు 11 సెకన్ల లోపే పరుగెత్తేవాడు. ఆ బరువు, ఆ వేగం ఒకే మనిషిలో ఉండి, ఆ మనిషిని వింగ్‌లో నిలబెడితే ఏమవుతుందో అప్పటిదాకా ఎవరూ పెద్దగా ఆలోచించలేదు.

అతని బాల్యం ఎలా గడిచింది?

1975 మే 12న ఆక్లండ్ ప్రాంతంలో పుట్టాడు. తల్లిదండ్రులు టోంగా దీవుల నుంచి వలస వచ్చినవాళ్లు. ఊహ తెలిసీ తెలియని రోజుల్లో కొన్నేళ్లు టోంగాలోనే బంధువుల దగ్గర పెరిగాడు. తర్వాత దక్షిణ ఆక్లండ్‌లోని మాంగెరేకి వచ్చాడు. ఇంట్లో తండ్రి తాగి కొట్టేవాడని పెద్దయ్యాక తానే బయటపెట్టాడు. వీధిలో చూస్తే గ్యాంగులు. ఆ గొడవల్లో సొంత బంధువులే ప్రాణాలు పోగొట్టుకున్నారు. పిల్లవాడు ఎటు పోతున్నాడో తల్లికి అర్థమైంది. అక్కడే ఉంటే చేతికి అందడని ఊరికి దూరంగా, పాయెరాటాలో ఉన్న వెస్లీ కాలేజీకి పంపేసింది. పేరుకు కాలేజీ అయినా అది మెథడిస్టుల బోర్డింగ్ స్కూలు. లోము జీవితంలో అసలు మలుపు ఆ తల్లి తీసుకున్న నిర్ణయమేనని నాకు అనిపిస్తుంది. ఆ స్కూల్లో రగ్బీ, అథ్లెటిక్స్ రెండింట్లోనూ అతనికి ఎదురు లేకుండా పోయింది.

అంత చిన్న వయసులో జాతీయ జట్టులోకి ఎలా వచ్చాడు?

1994లో హాంకాంగ్ సెవెన్స్ టోర్నీలో అందరి కళ్లూ అతని మీద పడ్డాయి. సెవెన్స్ అంటే అదే మైదానంలో జట్టుకు ఏడుగురే ఆడే పొట్టి ఆట. ఖాళీ ఎక్కువ కాబట్టి వేగం ఉన్నవాడిదే రాజ్యం. ఆ జట్టులోని సీనియర్ ఎరిక్ రష్ అతన్ని దగ్గరుండి నడిపించాడు. వాళ్లిద్దరి స్నేహం చివరి దాకా నిలిచింది.

అదే ఏడాది జూన్ 26న క్రైస్ట్‌చర్చ్‌లో ఫ్రాన్స్‌పై తొలి టెస్టు ఆడాడు. రగ్బీలో దేశాల జట్ల మధ్య జరిగే మ్యాచ్‌నే టెస్టు అంటారు. అప్పటికి వయసు 19 ఏళ్ల 45 రోజులు. అంత చిన్న వయసులో ఆల్ బ్లాక్స్ (న్యూజిలాండ్ జాతీయ జట్టు) తరఫున టెస్టు ఆడినవాడు అంతకు ముందూ లేడు, ఆ తర్వాతా రాలేదు. పాత రికార్డు 1905 నాటి ఎడ్గర్ రిగ్లీది.

ఇక్కడ చాలామంది మరిచిపోయే సంగతి ఒకటుంది. ఆ అరంగేట్రం ఘోరంగా జరిగింది. ఫ్రాన్స్‌తో ఆ సిరీస్‌లో ఆడిన రెండు టెస్టులూ న్యూజిలాండ్ సొంతగడ్డ మీదే ఓడింది. వింగ్‌లో ఎక్కడ నిలబడాలో, ఎప్పుడు వెనక్కి తగ్గాలో లోముకు ఇంకా తెలియదని ఫ్రెంచ్ ఆటగాళ్లు ఇట్టే పసిగట్టి, బంతిని అతని వెనక్కి తన్ని ఆడుకున్నారు. ఆ తర్వాత జట్టులో చోటు పోయింది. 1995 ప్రపంచ కప్ జట్టులోకి కూడా ఫిట్‌నెస్ సరిపోదన్న అనుమానాల నడుమే వచ్చాడు. కోచ్ లారీ మెయిన్స్ శిబిరాల్లో పరుగులు పెట్టించి పెట్టించి ఆటగాళ్ల దుంప తెంచిన రోజులవి. లోము ప్రపంచ కప్‌కు బయలుదేరే నాటికి ఆడినవి ఆ రెండు టెస్టులే.

1995 సెమీఫైనల్లో నిజంగా ఏం జరిగింది?

దక్షిణాఫ్రికాలో జరిగిన ఆ టోర్నీ తొలి మ్యాచ్‌లోనే ఐర్లండ్‌పై రెండు ట్రైలు చేశాడు. క్వార్టర్ ఫైనల్లో స్కాట్లండ్‌పై ఒకటి. అప్పటికే పేపర్ల నిండా అతని పేరే. అయినా జూన్ 18న కేప్‌టౌన్‌లోని న్యూలాండ్స్ మైదానానికి వచ్చిన ఇంగ్లండ్ జట్టు ఏమీ బెదిరిపోలేదు. పెద్ద పేరున్న జట్టు, క్వార్టర్ ఫైనల్లో ఆస్ట్రేలియాని ఓడించి మరీ వచ్చింది. లోముకు ఎదురుగా నిలబడాల్సిన వింగర్ టోనీ అండర్‌వుడ్. పక్కపక్కన నిలబడితే అన్నదమ్ముల్లో పెద్దవాడూ చిన్నవాడూ అన్నట్టు ఉండేవాళ్లు.

ఆట మొదలైన కాసేపటికే బంతి ఎడమ వైపు వచ్చింది. ఆ పాసు కూడా సరిగా రాలేదు, లోము వెనక్కి పోయి దాన్ని అందుకోవాల్సి వచ్చింది. అండర్‌వుడ్‌ని బయటి వైపు నుంచి దాటేశాడు. వెనక నుంచి కెప్టెన్ విల్ కార్లింగ్ చెయ్యి తగిలి కాస్త తూలాడు. తూలుతూనే ముందుకు పోయాడు. ఎదురుగా మిగిలింది ఫుల్‌బ్యాక్ (అందరికన్నా వెనక నిలబడేవాడు) మైక్ క్యాట్ ఒక్కడే. నిజానికి ఆ క్షణంలో లోము బ్యాలన్స్‌లో లేడు. పక్కకు తప్పుకునే వీలుంటే తప్పుకునేవాడేమో కూడా. కాళ్లు ఎటు తీసుకుపోతే అటు పోయాడు, అవి క్యాట్ మీదుగా పోయాయి. ముప్పై ఏళ్లుగా జనం చూస్తున్నది ఆ కొన్ని సెకన్లనే.

విరామానికి న్యూజిలాండ్ 25–3తో ముందుంది. మ్యాచ్ ముగిసేసరికి 45–29. లోమువి నాలుగు ట్రైలు. అదే మ్యాచ్‌లో భారీ ఫార్వర్డ్ జింజన్ బ్రూక్ సగం మైదానం దూరం నుంచి డ్రాప్ గోల్ కొట్టాడు. వేరే ఏ రోజైనా దాని గురించే చెప్పుకునేవాళ్లు. ఆ రోజు దాన్ని పట్టించుకునే తీరిక ఎవరికీ లేకపోయింది. మ్యాచ్ తర్వాత కార్లింగ్ అతన్ని మనుషుల్లో పుట్టని వింతగా వర్ణించి, ఎంత తొందరగా వెళ్లిపోతే అంత మంచిదన్నాడు. ఆ మాటలో చిరాకు కన్నా దిమ్మతిరిగిపోవడమే ఎక్కువ వినిపిస్తుంది.

మైక్ క్యాట్ దాంతో కనుమరుగైపోయాడా?

లేదు. ఆ తర్వాత ఏళ్ల తరబడి ఇంగ్లండ్‌కు ఆడాడు. 2003లో ప్రపంచ కప్ గెలిచిన జట్టులో అతనున్నాడు. ఈ సంగతి ఆ వీడియో కింద ఎవరూ రాయరు.

మరి ఫైనల్ ఎందుకు ఓడిపోయారు?

1995 జూన్ 24, జొహాన్నెస్‌బర్గ్‌లోని ఎల్లిస్ పార్క్. వర్ణవివక్ష పాలన పోయాక దక్షిణాఫ్రికాకు అదే తొలి ప్రపంచ కప్. అధ్యక్షుడు నెల్సన్ మండేలా జట్టు జెర్సీ వేసుకుని, కెప్టెన్ ఫ్రాన్స్వా పీనార్ నంబరు 6తో మైదానంలోకి వచ్చాడు. 80 నిమిషాల తర్వాత స్కోరు 9–9. అదనపు సమయంలో జోయెల్ స్ట్రాన్‌స్కీ కొట్టిన డ్రాప్ గోల్‌తో దక్షిణాఫ్రికా 15–12తో గెలిచింది. రెండు జట్లలో ఎవరూ ఒక్క ట్రై కూడా చేయలేదు.

మ్యాచ్‌కు రెండు రోజుల ముందు న్యూజిలాండ్ ఆటగాళ్లు చాలామంది వాంతులు, విరేచనాలతో పడిపోయిన మాట నిజం. ఎవరో కావాలనే తిండిలో ఏదో కలిపారని కోచ్ మెయిన్స్ ఆరోపించాడు. అది ఎప్పటికీ రుజువు కాలేదు. ఆ మ్యాచ్ చూసినవాళ్లకు తెలుస్తుంది, కడుపునొప్పి ఒక్కటే కారణం కాదు. లోమును దక్షిణాఫ్రికా పకడ్బందీగా కట్టడి చేసింది.

అంటే అతన్ని ఆపే మార్గం ఉందా?

ఉంది. చెప్పడం తేలిక, చేయడం కష్టం. వేగం అందుకున్నాక లోమును ఒంటరిగా ఆపడం దాదాపు కుదరని పని. కాబట్టి వేగం అందుకోకముందే పట్టుకోవాలి. బంతి అతని చేతిలో పడే క్షణానికే ఇద్దరు ముగ్గురు మీదికి వచ్చేయాలి. ఛాతీ మీద చెయ్యి వేస్తే విదిలించుకుపోతాడు, అందుకని కాళ్ల దగ్గర పట్టాలి. ఎల్లిస్ పార్క్‌లో జేమ్స్ స్మాల్, యాపీ ముల్డర్, స్క్రమ్ హాఫ్ (ఫార్వర్డ్‌ల దగ్గర బంతి తీసుకుని బయటికి అందించేవాడు) యోస్ట్ వాన్ డర్ వెస్ట్‌హైజన్ వంతులు వేసుకున్నట్టు చేసింది ఇదే. అందులోనూ యోస్ట్ లోముతో పోలిస్తే బక్కపలచని మనిషి.

ఇంకో కిటుకు ఫ్రాన్స్ 1994లోనే చూపించింది: అతన్ని వెనక్కి తిప్పాలి. 120 కిలోల మనిషి ముందుకు ఉరకడం వేరు, వెనక్కి తిరిగి, వంగి, బంతి ఏరుకోవడం వేరు. డిఫెన్స్‌లో అతనికి చివరి దాకా కాస్త బలహీనత ఉండిపోయింది. ఈ మాట అంటే అభిమానులకు నచ్చదు గానీ నిజం. దక్షిణాఫ్రికాపై 12 టెస్టులు ఆడి ఒక్క ట్రై కూడా చేయలేకపోయాడు. ఇంగ్లండ్‌పైన చూస్తే 7 టెస్టుల్లో 8 ట్రైలు.

రగ్బీలోకి డబ్బు రావడానికి కారణం లోమేనా?

పూర్తిగా కాదు. 1995 ఆగస్టు వరకు రగ్బీ యూనియన్ పేరుకు అమెచ్యూర్ ఆట. ఆడినందుకు జీతం ఇవ్వకూడదు. కానీ రగ్బీ లీగ్ డబ్బు ఎరచూపి ఆటగాళ్లను లాగేసుకుంటోంది, టీవీ కంపెనీలు పోటీ పడుతున్నాయి. ఫైనల్‌కు ముందు రోజు దక్షిణాఫ్రికా, న్యూజిలాండ్, ఆస్ట్రేలియా బోర్డులు రూపర్ట్ మర్డాక్ సంస్థతో పదేళ్లకు 55.5 కోట్ల అమెరికన్ డాలర్ల ఒప్పందం ప్రకటించాయి. అంత పెద్ద ఒప్పందం ఒక్క సెమీఫైనల్ చూసి వారం రోజుల్లో కుదిరేది కాదు, దాని వెనక బేరసారాలు ముందునుంచీ నడిచాయి. లోము చేసింది వేరే. టీవీ వాళ్లు కొన్న సరుకు ఎలా ఉంటుందో అప్పుడే ప్రపంచానికి చూపించాడు. రగ్బీ ఆడని దేశాల్లో కూడా పేరు తెలిసిన తొలి ఆటగాడు అతనే. 1997లో అతని పేరుతో వీడియో గేమ్ వచ్చిందంటే ఆ మోజు ఎంతటిదో ఊహించుకోండి.

వేరే ఆటల నుంచి పిలుపులు రాలేదా?

రగ్బీ లీగ్ క్లబ్బులు, అమెరికన్ ఫుట్‌బాల్ జట్లు అతని మీద కన్నేశాయని ఆ రోజుల్లో తెగ వార్తలు వచ్చాయి. అతను న్యూజిలాండ్‌లోనే ఉండిపోయాడు. నల్ల జెర్సీ వదులుకోవడం ఇష్టం లేకపోయింది.

అతనికి వచ్చిన జబ్బు ఏమిటి?

నెఫ్రోటిక్ సిండ్రోమ్. 1995 చివర్లో బయటపడింది. అంటే కేప్‌టౌన్ సెమీఫైనల్ జరిగి ఆరు నెలలైనా కాలేదు, వయసు 20.

కిడ్నీల్లో రక్తాన్ని వడపోసే సన్నని జల్లెడలు ఉంటాయి. మామూలుగా అవి వ్యర్థాలను వదిలి ప్రొటీన్‌ను ఒంట్లోనే ఉంచుతాయి. ఈ జబ్బులో జల్లెడకు చిల్లులు పడినట్టయి, ప్రొటీన్ మూత్రంలో పోతుంది. రక్తంలో ప్రొటీన్ తగ్గితే రక్తనాళాల్లో ఉండాల్సిన నీరు బయటికి ఊరుతుంది. కాళ్లు, మొహం, కళ్ల కింద వాపు వస్తుంది. ఎంత నిద్రపోయినా నీరసం వదలదు. ఇన్‌ఫెక్షన్లు తొందరగా అంటుకుంటాయి, రక్తం గడ్డకట్టే ప్రమాదం పెరుగుతుంది. కొందరిలో మందులకు లొంగుతుంది. కొందరిలో ఏళ్ల తరబడి కిడ్నీలను తినేస్తూ పోతుంది. లోముది రెండో రకం.

కండలు పెంచి, వాటిని చితక్కొట్టి, మళ్లీ పెంచుకునే ఆట రగ్బీ. దానికి కావాల్సింది ప్రొటీన్. ఆ ప్రొటీన్‌నే శరీరం పారబోస్తున్న మనిషి ఈ ఆట ఆడాడు. లోము కథలో నన్ను ఇప్పటికీ నమ్మనివ్వని విషయం ఇదే.

ఆ జబ్బుతో ఎన్నాళ్లు ఆడగలిగాడు?

టెస్టు స్థాయిలో ఏడేళ్లు. 1997లో చికిత్స కోసం ఆటకు చాలా నెలలు దూరమయ్యాడు. బలమైన మందులు వాడాల్సి వచ్చింది. ఆ ఏడాది చివర్లో జట్టు బ్రిటన్ పర్యటనకు వెళ్లేసరికి తిరిగొచ్చాడు. 1998లో కౌలాలంపూర్ కామన్వెల్త్ క్రీడల్లో సెవెన్స్ స్వర్ణం గెలిచిన జట్టులో ఆడాడు, 2001లో అర్జెంటీనాలో సెవెన్స్ ప్రపంచ కప్ కూడా గెలిచాడు. దేశవాళీలో ముందు కౌంటీస్ మనుకౌ, తర్వాత వెల్లింగ్టన్. న్యూజిలాండ్, ఆస్ట్రేలియా, దక్షిణాఫ్రికా జట్లు తలపడే సూపర్ 12 పోటీలో బ్లూస్, చీఫ్స్, హరికేన్స్ మూడింటికీ ఆడాడు. కొన్ని సీజన్లలో ఫామ్ పడిపోయి, ఇక పనైపోయిందని అనిపించుకున్నాడు కూడా. బరువు పెరిగిందనీ, బద్ధకించాడనీ మాటలు పడ్డాడు. ఆ బద్ధకం ఎక్కడి నుంచి వచ్చిందో అనేవాళ్లందరికీ అప్పుడు తెలియదు.

1999 ప్రపంచ కప్‌లో ఎలా ఆడాడు?

అంకెల్లో 1995 కన్నా బాగా. 8 ట్రైలు. ఒకే ప్రపంచ కప్‌లో అంతకు మించి ఇప్పటిదాకా ఎవరూ చేయలేదు. తర్వాత బ్రయాన్ హబానా, జూలియన్ సవేయా, విల్ జోర్డాన్ ఆ అంకెను అందుకున్నారు, దాటలేదు.

కానీ జట్టు మళ్లీ ఓడింది. ట్వికెన్‌హమ్‌లో ఫ్రాన్స్‌తో సెమీఫైనల్లో లోము రెండు ట్రైలు చేశాడు. వాటిలో ఒకటి ఫ్రెంచ్ ఆటగాళ్లను గుంపుగా ఈడ్చుకుంటూ పోయి చేసింది. ఒక దశలో న్యూజిలాండ్‌దే పైచేయి. ఆ తర్వాత ఫ్రాన్స్‌కు పూనకం వచ్చినట్టయింది, 43–31తో గెలిచేసింది. 15 మంది ఆడే ఆటలో ప్రపంచ కప్ లోముకు అందని పండుగానే ఉండిపోయింది.

మొత్తం రికార్డు ఎంత?

63 టెస్టులు, 37 ట్రైలు, 185 పాయింట్లు. రెండు ప్రపంచ కప్‌లలో కలిపి 11 మ్యాచ్‌ల్లో 15 ట్రైలు. ఈ 15ను హబానా 2015లో సమం చేశాడు.

న్యూజిలాండ్ తరఫున ఎక్కువ ట్రైలు మాత్రం లోమువి కావు. డగ్ హౌలెట్ 62 టెస్టుల్లో 49 చేశాడు. చాలామందికి ఇది ఆశ్చర్యంగా ఉంటుంది. నాకైతే ఆశ్చర్యం వేరే చోట ఉంది: లోము 63 టెస్టుల్లో అత్యధిక భాగం జబ్బు బయటపడ్డాక ఆడినవే, అయినా 37 ట్రైలు వచ్చాయి.

చివరి టెస్టు ఎప్పుడు?

2002 నవంబరు 23, కార్డిఫ్‌లో వేల్స్‌పై. వయసు 27. సాధారణంగా వింగర్లు పూర్తి పరిణతితో ఆడే వయసది. రెండు వారాల ముందు ట్వికెన్‌హమ్‌లో ఇంగ్లండ్‌పై రెండు ట్రైలు చేశాడు కూడా.

డయాలసిస్ దాకా ఎలా వెళ్లింది?

2003 మే నెలాఖరులో న్యూజిలాండ్ రగ్బీ బోర్డు ఆ సంగతి బయటపెట్టింది. వారానికి మూడుసార్లు డయాలసిస్. ఒంట్లో పేరుకున్న విషాల వల్ల కాళ్లలో, పాదాల్లో నరాలు దెబ్బతిన్నాయి. నడవడమే కష్టమైంది. కిడ్నీ మార్చకపోతే చక్రాల కుర్చీకే పరిమితమయ్యే పరిస్థితి.

కిడ్నీ ఎవరిచ్చారు?

వెల్లింగ్టన్ రేడియో వ్యాఖ్యాత గ్రాంట్ కెరేమా. లోముకు స్నేహితుడు. 2004 జూలైలో ఆపరేషన్ జరిగింది. ఇద్దరూ క్షేమంగా బయటపడ్డారు.

కిడ్నీ మార్పిడి తర్వాత రగ్బీ ఆడాడన్నది నిజమేనా?

నిజమే. ఇది నమ్మశక్యంగా లేకపోవడం సహజం. మార్పిడి తర్వాత జీవితాంతం రోగనిరోధక శక్తిని తగ్గించే మందులు వాడాలి, లేకపోతే శరీరం కొత్త అవయవాన్ని పరాయిదిగా చూసి తిరస్కరిస్తుంది. కడుపు మీద దెబ్బ తగిలితే కిడ్నీ పోవచ్చు. డాక్టర్లు సాధారణంగా ఇలాంటి ఆటల జోలికి వెళ్లొద్దంటారు. లోముకు మళ్లీ నల్ల జెర్సీ వేసుకోవాలని కోరిక, మనసులో 2007 ప్రపంచ కప్.

2005 జూన్‌లో ఇంగ్లండ్ మాజీ కెప్టెన్ మార్టిన్ జాన్సన్ గౌరవార్థం ట్వికెన్‌హమ్‌లో జరిగిన మ్యాచ్‌తో తిరిగొచ్చాడు. ట్రై చేశాడు, భుజం దెబ్బ కూడా తగిలించుకున్నాడు. ఆ డిసెంబరులో కార్డిఫ్ బ్లూస్ తరఫున దిగాడు. మరుసటి ఏడాది న్యూజిలాండ్‌లో నార్త్ హార్బర్ జట్టుకు ప్రయత్నించాడు. సూపర్ 14 (సూపర్ 12కు తర్వాతి పేరు) కాంట్రాక్టు మాత్రం ఎవరూ ఇవ్వలేదు. 2007లో ప్రొఫెషనల్ ఆటకు వీడ్కోలు పలికాడు. అంతటితో ఊరుకున్నాడా? 2009లో ఫ్రాన్స్‌లో మూడో శ్రేణి జట్టు మార్సెయ్ విత్రోల్‌కు ఆడాడు.

దీన్ని మొండితనం అనేవాళ్లు ఉన్నారు. వాళ్ల మాట కాదనలేను. ఇంకొకరి కిడ్నీ ఒంట్లో పెట్టుకుని టాకిల్స్ తినడం తెలివైన పని కాదు. కానీ 27 ఏళ్లకే ఆట లాగేసుకుంటే, ఆ మనిషి దాన్ని మళ్లీ అడిగి చూడటంలో నాకు తప్పేమీ కనిపించదు.

ఎలా చనిపోయాడు?

2011లో మార్పిడి చేసిన కిడ్నీ పనిచేయడం మానేసింది. అదే ఏడాది సెప్టెంబరులో సొంత ఊరు ఆక్లండ్‌లో ప్రపంచ కప్ ప్రారంభోత్సవంలో కనిపించాడు, ఆ టోర్నీ నడుస్తుండగానే ఆసుపత్రిలో చేరాడు. మళ్లీ డయాలసిస్ మొదలైంది. రెండో మార్పిడి కోసం ఎదురుచూపులు.

2015 ప్రపంచ కప్‌కు ఇంగ్లండ్ వెళ్లాడు. పగలు కార్యక్రమాలు, మధ్యలో డయాలసిస్. కప్ న్యూజిలాండ్ గెలిచింది. కుటుంబంతో దుబాయ్‌లో ఆగి ఇంటికి చేరిన కొద్ది గంటలకే, నవంబరు 18న ఆక్లండ్‌లో హఠాత్తుగా కన్నుమూశాడు. వయసు 40. భార్య, ఇద్దరు చిన్న కొడుకులు మిగిలారు. నవంబరు 30న ఈడెన్ పార్క్‌లో వీడ్కోలు సభ జరిగింది. శవవాహనం కదిలేటప్పుడు వెస్లీ కాలేజీ కుర్రాళ్లు హాకా (మావోరీల సంప్రదాయ వీర నృత్యం) చేశారు.

అంత పేరున్న ఆటగాడు డబ్బు మిగల్చలేదంటారు, ఎందుకు?

అతను పోయాక ఆస్తులు పెద్దగా లేవని బయటపడింది. పిల్లల కోసం న్యూజిలాండ్ ఆటగాళ్ల సంఘం ఒక ట్రస్టు పెట్టింది. సంపాదించే వయసులో సగం ఆసుపత్రుల చుట్టూ తిరిగిన మనిషి సంగతి ఇది. అంతకు మించి అతని ఇంటి లెక్కలు తవ్వడం ఇక్కడ అనవసరం.

ఏ గౌరవాలు దక్కాయి?

1995లో బీబీసీ ఇచ్చే విదేశీ క్రీడాకారుడి అవార్డు, 2007లో న్యూజిలాండ్ ప్రభుత్వ పురస్కారం, అదే ఏడాది అంతర్జాతీయ రగ్బీ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు.

ఒక్క మ్యాచే చూడాలంటే ఏది చూడాలి?

అందరూ కేప్‌టౌన్ అంటారు. నేనైతే 2000 జూలై 15న సిడ్నీలో ఆస్ట్రేలియాతో ఆడినది చూడమంటాను. స్టేడియంలో 1,09,874 మంది. పది నిమిషాలు కాకముందే న్యూజిలాండ్ 24–0తో ముందుంది, విరామానికల్లా ఆస్ట్రేలియా 24–24 చేసేసింది. చివర్లో ఆస్ట్రేలియా 35–34తో గెలుపు అంచున నిలబడింది.

అప్పుడు టేన్ రాండెల్ పాసు లోముకు అందింది. ముందు స్టీఫెన్ లార్కమ్, ఎడమ పక్కన టచ్‌లైన్, అంటే మైదానం అంచు గీత. గుద్దుకుపోవడానికి చోటు లేదు, గీత మీద కాలు పడితే బంతి వాళ్లదవుతుంది. లోము లార్కమ్‌ని తప్పించుకుని, మునివేళ్ల మీద నడిచినట్టు గీత పక్కనే పోయి ట్రై చేశాడు. 39–35. ఆ వీడియో దొరికితే భుజాలు చూడకండి, పాదాలు చూడండి. తెల్ల గీతకు అంత దగ్గరగా పడుతూ కూడా ఒక్క అడుగు తప్పలేదు. మరో మూడేళ్లకు స్పర్శ తెలియకుండా పోయినవి ఆ పాదాలే.